గాయమునకు సూటు తీయుట న్యాయమా?

మామిడి కాలము వచ్చినదనగా నూజివీడు సీమలో రెండే మాటలు వినవచ్చును: ఒకటి ధర, రెండవది సూటు. రైతు కాయ తెచ్చి కాటాపై బెట్టును. తరుగు పోవును, మచ్చ యుండును అని చెప్పి వ్యాపారి కొంత తూకమును ముందుగనే కోసివేయును. ఆ కోతకే సూటు అని పేరు. సూటు హెచ్చినదని రైతులు అర్జీలు పెట్టుదురు, కాటాల యెదుట బైఠాయింతురు. తప్పు లేదు. కష్టించి పండించిన కాయ లెక్కలోనికి రాకపోవుట అన్యాయమే. కాని ఆ కాయను చెట్టెక్కి కోసిన కూలీ, సాయంకాలము ఇంటికి మరలుచు, రోడ్డుమీద లారీ తగిలి కాలు పోగొట్టుకొన్నచో, అతని గాయమునకు న్యాయస్థానపు కాటామీద తీయబడు సూటును గూర్చి ఎవరును అర్జీ పెట్టరు. అట్టి సూటు ఒకటి కలదని యెరిగినవారే అరుదు. దానిని గూర్చి చెప్పుటకే నేడు పూనుకొంటిమి.

ముసునూరు చిన్న ఊరే కాని చిన్న పేరు గాదు. 14వ శతాబ్దమున ఓరుగల్లును సుల్తానుల చేతినుండి విడిపించిన కాపయనాయకుని ఇంటిపేరు ఈ యూరి పేరేయని చరిత్రకారులు పలువురు చెప్పుదురు. మొన్నటివరకు కృష్ణాజిల్లాలో నుండి 2022 ఏప్రిలులో ఏలూరు జిల్లాలోనికి వచ్చినది. జిల్లా మారినది గాని రోడ్డు మారలేదు. బంగినపల్లి, కలెక్టరు, రసాలు కోతకు వచ్చు నెలలలో ఆ రోడ్లమీద కాయ లారీలు, ట్రాక్టర్లు, షేరు ఆటోలు, మోటారు సైకిళ్లు పగలనక రాత్రియనక పరుగులిడును. దెబ్బతినువారు ఎక్కువగా మోటారు సైకిలు మీదివారును, కాలినడకవారును. వారిని ఆసుపత్రికి మోసికొనిపోయిన వారిలోను, పిదప వారి కాగితములు పట్టుకొని కోర్టు మెట్లెక్కిన వారిలోను మేమొకరము. కనుక చూచినదే వ్రాయుచున్నాము.

చట్టమేమనుచున్నది? 1988 నాటి మోటారు వాహనముల చట్టము 168వ సెక్షను క్షతగాత్రునకు "న్యాయమైన" పరిహారము నిర్ణయింపుమని ట్రిబ్యునలును ఆజ్ఞాపించుచున్నది. దయ చూపుమనలేదు, దానమిమ్మనలేదు, న్యాయమైనది ఇమ్మన్నది. ఆ మాట మంచిదే. దాని అమలులో మూడు చోట్ల సూటు తీయబడుచున్నది. మొదటిది రాబడిలో. రెండవది వైకల్యపు లెక్కలో. మూడవది వడ్డీలో. మొదటి రెండింటిని పై న్యాయస్థానములు చాలవరకు దిద్దినవి. మూడవది దిద్దబడలేదు సరిగదా, నానాటికి పెరుగుచున్నది.

ఒక దృష్టాంతమును ఊహింతము. ముప్పదేండ్ల కూలీ, చిక్కము పట్టి చెట్టెక్కి కాయ కోయువాడు. కోత లేని నెలలలో ఇతర పనులకు బోవును. అన్నియు కలిసి నెలకు 15,000 రూపాయలు గడించును. లారీ తగిలి అతని కాలు నుజ్జయినది. డాక్టరు అంగవైకల్యము నూటికి 40 అని వ్రాసియిచ్చెను. ట్రిబ్యునలు ముందు కంపెనీ వకీలు ప్రశ్న: "జీతపు కాగితమేది?" చెట్టునకు జీతపు చీటీ వ్రాయు ఆచారము ఏ తోటలోను లేదు! అంతట రాబడి 10,000 అని తేల్చిరనుకొందము. ఏటికి 1,20,000. ఆ వయస్సునకు గుణకము 17. దానిలో నూటికి 40 పాళ్లు. మొత్తము 8,16,000 రూపాయలు.

ఇప్పుడు సుప్రీంకోర్టు చెప్పిన త్రోవను నడచి చూతము. కూలీనాలి చేయువానిని కాగితము తెమ్మని పీడింపరాదని 2011లో రామచంద్రప్ప కేసులోను, 2014లో కూరగాయలమ్ముకొను సయ్యద్ సాదిక్ కేసులోను ఆ కోర్టు స్పష్టపరచినది. కనుక రాబడి 15,000. వైకల్యమును అవయవమును బట్టి గాక, ఆ మనిషి చేయు పనిని బట్టి కొలువవలెనని 2010 అక్టోబరులో రాజ్ కుమార్ కేసున తీర్పు చెప్పినది: ఒక చేయి పోయిన గుమాస్తా కొలువు నిలువవచ్చును, ఒక చేయి పోయిన వడ్రంగి జీవనము సమూలముగ పోవును. చెట్టెక్కువానికి కాలు అట్టిదే. నూటికి 80 అనుకొన్నను అది కొసరి చెప్పుటయే. భవిష్యత్తున పెరుగు రాబడిని నలువది యేండ్లలోపు వానికి నూటికి 40 వంతున కలుపుమని 2017లో ప్రణయ్ సేథి కేసున మరణములకు చెప్పిన నియమము, గాయముల కేసులకును చెల్లునని 2020లో నిర్ధారణ చేసినది. ఇప్పుడు లెక్క: ఏటికి 1,80,000, దానిపై 40 పాళ్లు చేర్చగా 2,52,000, గుణకము 17తో 42,84,000, దానిలో నూటికి 80 అనగా 34,27,200 రూపాయలు.

మనిషి ఒక్కడే, కాలు ఒక్కటే, లారీ ఒక్కటే. ఒక లెక్కకు ఎనిమిది లక్షలు, మరియొక లెక్కకు ముప్పదినాలుగు లక్షలు! వ్యత్యాసము చట్టములో లేదు, చట్టమును వాడుకొను అలవాటులో నున్నది. గుణకముల పట్టికలు మనకు క్రొత్తయా? సర్లా వర్మ తీర్పు 2009లో దేశమంతటికి ఒకే పట్టికను విధించుటకు ఇరువదేండ్లకు పైగా పూర్వమే, 1987లో, మన ఆంధ్రప్రదేశ్ ఉన్నత న్యాయస్థానమున జస్టిస్ ఎం. జగన్నాథరావు గారు భగవాన్ దాస్ కేసున వయస్సుల వారీ పట్టికను కూర్చియుండిరి. త్రోవ చూపిన గడ్డయిది. ఇచ్చట ఆ త్రోవ నడువకపోవుటకు సాకేమి?

ఇక మూడవ సూటు, వడ్డీ. చదువరులు ఇచ్చట కొంచెము ఓపిక పట్టవలెను. వడ్డీయనగా తోకవలె చివర తగిలించు మాటయని తలంచి వకీళ్లును, కక్షిదారులును, ఒక్కొక్కప్పుడు న్యాయమూర్తులును దానిని ఒక వాక్యముతో దాటిపోవుచున్నారు. కాని బీదవాని ఇల్లు నిలుచుటయో కూలుటయో ఆ వాక్యముమీదనే ఆధారపడియున్నది.

171వ సెక్షను చెప్పునది రెండు సంగతులు. వడ్డీ ఎంతయన్నది ట్రిబ్యునలు ఇష్టము. ఏనాటినుండియన్నదియు దాని ఇష్టమే, కాని పిటీషను వేసిన నాటికి ముందునుండి ఇయ్యరాదు. అనగా దెబ్బ తగిలిన నాటినుండి పిటీషను వేసిన నాటివరకు జరిగిన కాలము చట్టము కంటికి కనబడదు. క్షతగాత్రుడు ఆ కాలమున ఏమి చేయుచుండును? ఆసుపత్రి మంచముపై నుండును. అప్పులు అప్పుడే చేయును. నొప్పి అప్పుడే హెచ్చు. చట్టమునకు కనబడని ఆ దినములే అతని బ్రదుకులోని మిక్కిలి ఖరీదైన దినములు.

రేటు సంగతి చూడుడు. 1986లో చమేలీవతి కేసున సుప్రీంకోర్టు నూటికి 12 ఇప్పించెను. 2001లో కౌశ్నుమా బేగం కేసున, బ్యాంకులలో నిర్ణీతకాలపు డిపాజిట్లపై వడ్డీలు తగ్గినవి గనుక 9 చాలుననెను. 2005లో తమిళనాడు రవాణా సంస్థ కేసున 9ని ఏడున్నరకు దించెను. నేడు మన ట్రిబ్యునళ్లలో ఆరునకును తొమ్మిదికిని నడుమ, తరచుగా ఏడున్నర దగ్గర, రేటు నిలిచియున్నది. ఈ మూడు మెట్లు దిగుటకు చెప్పబడిన కారణము ఒక్కటే: బ్యాంకు డిపాజిట్ల వడ్డీ తగ్గినది.

ఇందే మూలమైన పొరపాటున్నదని మా వాదము. డిపాజిటు వడ్డీ ఎవరికి వర్తించును? మిగులు సొమ్ము బ్యాంకులో దాచుకొన్నవానికి. మన కూలీ సొమ్ము దాచుకొన్నవాడా? కాదు, అప్పు చేసినవాడు! న్యాయస్థానము అతనిని డిపాజిటుదారునిగ జూచుచున్నది. ఊరు అతనిని బాకీదారునిగ జూచుచున్నది. ఊరి చూపే నిజము. కోర్టు చూపు పుస్తకములలోనిది.

లెక్క వేయుదము. ఆ కూలీ కాలి ఆపరేషనుకు విజయవాడలో 2,00,000 రూపాయలైనవి. ఊరిలో నూటికి రెండు రూపాయల వడ్డీకి తెచ్చెను. నెలకు వడ్డీ 4,000. కట్టు విప్పి, కాగితములు కూడబెట్టి, అయిదు నెలలకు పిటీషను వేసెను. నాలుగేండ్లకు అవార్డు వచ్చెను. ఈ 53 నెలలకు అతడు మోసిన వడ్డీ 2,12,000. కోర్టు ఇప్పించిన వడ్డీ, ఏడున్నర వంతున నాలుగేండ్లకు, 60,000. తక్కువ 1,52,000. వైద్యమునకు ఖర్చయిన ప్రతి పైసయు కోర్టు ఇప్పించినదనుకొన్నను, ఆ ఖర్చుమీదనే అతడు లక్షన్నర నష్టపోయెను. తాను చేయని తప్పునకు! ఏడున్నర యనగా నూటికి నెలకు 62 పైసలన్నర. మన పల్లెలో ఆ వడ్డీకి అప్పు పుట్టు గడప ఎక్కడనున్నదో చెప్పిన, క్షతగాత్రులనందరిని అచ్చటికే పంపెదము.

కంపెనీ సంగతియో? చెల్లింపు జాగుచేసినంతకాలము ఆ సొమ్ము దాని చేతనే యుండును, పెట్టుబడిగ తిరుగుచుండును. వాయిదా యొక్కటికి అది చెల్లించు వెల నెలకు 62 పైసలన్నర, అందును అసలుమీద మాత్రమే, చక్రవడ్డీ లేదు. అప్పీలు చేయవలెనన్న చట్టము అడుగునది 25,000 రూపాయలో, అవార్డులో సగమో, ఏది తక్కువైన నది. ఆలస్యము చవుకైన చోట ఆలస్యమే వ్యాపారమగును. ఇందులో కంపెనీలను దూషించుటకంటె, ఆలస్యమును చవుకచేసిన రేటును దూషించుటయే న్యాయము.

అన్ని చట్టములు ఇట్లే యున్నవా? లేవు. అదియే మా గొప్ప ఆక్షేపణము. కార్మికుల పరిహారమునకై 1923లో పుట్టి 2025 నవంబరు వరకు నడచిన చట్టము, ఒక నెలలో చెల్లింపనిచో నూటికి 12 వడ్డీ వేయుమనెను. అంతకు హెచ్చుగ బ్యాంకులు అప్పులిచ్చు రేటు వరకు వేయవచ్చుననెను. కారణము లేని జాగునకు సగమువరకు జరిమానా వేయుమనెను. అప్పులిచ్చు రేటన్న మాటను గమనింపుడు. గాయపడినవాడు డిపాజిటుదారుడు కాడని ఆ చట్టమునకు తెలిసియుండెను. పరిహారము ఏనాటినుండి బాకీ యగును? ప్రమాదము జరిగిన నాటినుండియేయని 1975లో సుప్రీంకోర్టు నిర్ణయించినది. అదియు మన పొరుగున జయపురములో సినిమాహాలు పనిలో ఎడమచేయి పోగొట్టుకొన్న వడ్రంగి కేసులోనే. చేయి ఒక్కటి పోయినను వడ్రంగము సంపూర్ణముగ పోయినదని నాడే నూటికి నూరు పాళ్లు లెక్కించిరి.

ఇప్పుడు ఒక వింత చూడుడు. ఒక లారీ తోటకూలీ మోటారు సైకిలును గుద్దినది. లారీ డ్రైవరుకును కాలు పోయినది, కూలీకిని కాలు పోయినది. డ్రైవరు 2025 వరకు అమలులోనుండిన 1923 చట్టము క్రింద తన యజమానిమీద పోయినచో 12 వంతున, ప్రమాదమైన నెల నాటినుండి వడ్డీ. దారిన పోవుచుండిన కూలీకి ఏడున్నర, పిటీషను నాటినుండి! రెండు కాళ్లును ఒకే రోడ్డుమీద, ఒకే నిమిషమున విరిగినవి గదా?

మరి భూమి సంగతి. సర్కారు తోటను స్వాధీనపరచుకొని పరిహారము జాగుచేసినచో, 2013 నాటి భూసేకరణ చట్టము మొదటి యేడు 9, అటుపైన 15 వంతున వడ్డీ ఇమ్మనుచున్నది. చిన్న పరిశ్రమలవారి బిల్లు జాగైనచో 2006 నాటి చట్టము రిజర్వు బ్యాంకు రేటునకు మూడింతలు, నెలనెల చక్రవడ్డీతో, ఇప్పించుచున్నది. తోటకు 15! సరుకుల బిల్లునకు మూడింతలు! తోటలో పనిచేసిన మనిషి కాలికి ఏడున్నర! రాజ్యాంగమున మనిషి ప్రాణమునకు గల స్థానమును ఈ పట్టీలో చూచినవాడు నమ్మగలడా?

ఎదుటివారి మాటలను దాచము. వడ్డీ పెంచిన బీమా ప్రీమియము పెరుగునందురు. పెరుగదు, జాగు తగ్గును. సకాలమున చెల్లించు కంపెనీకి ఏ వడ్డీ రేటైన నొక్కటే. దొంగ కేసులు పెరుగునందురు. దొంగ కేసు కొట్టివేయదగినదే. దానికి వడ్డీ తగ్గింపు మందు గాదు. కల్తీ బియ్యము వచ్చుచున్నవని మంచి బియ్యపు తూకము తగ్గింతుమా? ఇంగ్లండులో సైతము భవిష్యత్తు నష్టముమీద వడ్డీ లేదని 1970లోనే నిర్ణయించిరందురు. నిజమే. మేమును ఇంకను రాని రాబడిమీద ప్రమాదము నాటినుండి వడ్డీ అడుగుట లేదు. చేతినుండి పోయిన సొమ్ము, అనగా వైద్యమునకు, మందులకు, ప్రయాణములకు అయిన ఖర్చు, మంచముపై పోయిన కూలి, ప్రక్కన కూర్చున్న భార్య పోగొట్టుకొన్న కూలి, వీనిమీదనే అడుగుచున్నాము. 2025 మే నెలనుండి ప్రమాదమైన ఏడు దినముల వరకు లక్షన్నర రూపాయల మేర ఉచిత చికిత్స పథకము వచ్చినది గదా యందురు. వచ్చినది, సంతోషము. కాని నుజ్జయిన కాలు ఏడు దినములలో అతుకుకొనదు.

మా వృత్తివారి దోషమును దాచిన మా వ్రాత అబద్ధమగును. ఫలితములో వాటా మాట్లాడుకొనరాదని బారు కౌన్సిలు నియమము స్పష్టముగ నున్నను, ఆసుపత్రి వాకిటనే వాటాలు మాట్లాడు దళారులు కలరు, వారి వెనుక నల్లకోట్లును కలవు. డాక్టరు సాక్ష్యము రాలేదని వాయిదా, వకీలు రాలేదని వాయిదా. లోక్ అదాలత్తులలో రాజీ కుదిరినప్పుడు మొదట కోయబడునది వడ్డీయే. "ఏదో ఒకటి చేతికి వచ్చును, ఒప్పుకొనుము" అని మనమే చెప్పుదుము. అచ్చటి అవార్డుమీద అప్పీలు లేదని మాత్రము చెప్పము. కంపెనీ తీయు సూటు ఒకటి, మనము తీయు సూటు ఒకటి, మిగిలినది క్షతగాత్రునిది!

కనుక మేము కోరునవి మూడు. మొదటిది: 171వ సెక్షనులో "పిటీషను నాటికి ముందు కాదు" అన్న మాటను పార్లమెంటు తొలగించి, చేతినుండి ఖర్చయిన సొమ్ముమీద ప్రమాదము నాటినుండి వడ్డీ ఇయ్యవలెను. రెండవది: రేటు 12కు తగ్గరాదు. పల్లెలో నూటికి రూపాయి వడ్డీకి అప్పు దొరికినచో ధర్మవడ్డీకి దొరికినదందురు. ఆ రూపాయి వడ్డీయే ఏటికి 12, 1923 చట్టము చెప్పినదియు 12, 1986లో సుప్రీంకోర్టు ఇచ్చినదియు 12. మేమడుగునది ధర్మవడ్డీ మాత్రమే. మూడవది: చట్టము మారువరకు ఉన్న చట్టమునైన నడిపింపవలెను. పోలీసులు మూడు నెలలలోపల ప్రమాదపు నివేదికను ట్రిబ్యునలుకు పంపవలెనని 159వ సెక్షను, ఆ నివేదికనే పిటీషనుగ ఎంచవలెనని 166వ సెక్షను చెప్పుచున్నవి. నివేదిక చేరిన నాటినుండియే వడ్డీ లెక్కింపుమని అడుగుటకు ఇంతకంటె ఆధారమేల? నివేదిక పంపని స్టేషనును ట్రిబ్యునలు ఏల ప్రశ్నింపరాదు?

చదువరులకు ఒక మాట. పఠనమందిరమున కూర్చుండి ఈ పత్రిక చదువు మనకు అక్షరములు వచ్చును. ఆసుపత్రి మంచముపైనున్న వానికి రాకపోవచ్చును. మన యూర ఎవరికైన రోడ్డుమీద దెబ్బ తగిలిన, ఆనాడే ఒకరు పూనుకొని ఎఫ్.ఐ.ఆర్. నకలు, ఆసుపత్రి చీటీలు, మందుల రసీదులు, ఆటో కిరాయి సైతము ఒక సంచిలో భద్రపరుపుడు. కట్టు కట్టించుకొన్నచోట రసీదు ఇయ్యరేని తేదీ, సొమ్ము వ్రాసియుంచుడు. అప్పు తెచ్చిన నోటు నకలు దాచుడు. కూలి ఎంతయో చెప్పుటకు తోట యజమానినో, మేస్త్రీనో సాక్ష్యమునకు రప్పింపుడు. కాగితము లేని చోట మనిషి మాటయే కాగితము. పిటీషను వేయుటకు ఆరు నెలల గడువు 2022 ఏప్రిలు 1 నుండి అమలులోనికి వచ్చినది. గడువు మీరినదని పిటీషన్లను త్రోసివేయవలదని సుప్రీంకోర్టు 2025 నవంబరులో మధ్యంతరముగ ఆజ్ఞాపించినను, ఆ యండను నమ్మి కూర్చుండకుడు. పిటీషను ఒక దినము ముందుగ పడిన, వడ్డీ ఒక దినము ముందుగ పుట్టును.

తోట యజమానులారా, కాటాయెదుట సూటుకై మీరు చేయు పోరాటము న్యాయమైనదని మొదటనే ఒప్పుకొంటిమి. ఈ యేడు అర్జీ వ్రాయునప్పుడు దాని క్రింద మరియొక పంక్తి చేర్పుడు: మా కాయకు సూటు వలదు, మా కాయ కోసినవాని కాలికిని సూటు వలదు. ఆ పంక్తి లేని అర్జీ సగము అర్జీయే.